ఏమీ లేదమ్మా, మామూలే

(జిల్లా గ్రంథాలయంలో వారోత్సవాల సందర్భంగా ఒక రిటైర్డ్ మత్తు డాక్టరు చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

గ్రంథాలయ వారోత్సవాల్లో కవినో చరిత్రకారుడినో పిలవడం మన ఆనవాయితీ. ఈసారి మత్తు డాక్టరును పిలిచారు. అదీ భోజనాలైన తర్వాత. నిర్వాహకుల ఉద్దేశం ఏమిటో నేను అడగలేదు. ముప్ఫై నాలుగేళ్ళు జీతం తీసుకుని మనుషుల్ని నిద్రపుచ్చినదాన్ని. ఈ ఒక్క పూట ఉచితంగా మేలుకునేలా చేయడానికి ప్రయత్నిస్తాను.

ఆధునిక వైద్యంలో నైతిక ప్రశ్నల గురించి మాట్లాడమన్నారు. చాలా పెద్ద అంశం. జన్యువులను కత్తిరించడం, అద్దె గర్భాలు, కిడ్నీల బేరాలు, ఇలా ఎన్నో ఉన్నాయి. వాటి గురించి నాకంటే బాగా చెప్పగలవాళ్ళు ఉన్నారు కాబట్టి నేను వాటి జోలికి వెళ్ళను. నాకు బాగా తెలిసింది ఒక్క కాగితం. ఆపరేషన్‌కు ముందు సంతకం పెట్టించుకునే కాగితం. ఇక్కడ కూర్చున్నవాళ్ళలో దాని మీద సంతకం పెట్టనివారు, కనీసం ఇంట్లో ఒకరి కోసమైనా పెట్టనివారు, తక్కువమందే ఉంటారు. దాన్ని పూర్తిగా చదివినవాళ్ళు అంతకన్నా తక్కువమంది ఉంటారు. చేతులెత్తమని అడగను, భయపడకండి.

నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో జరిగిన సంగతి చెబుతాను. ఆ రోజు ఆరు కేసులున్నాయి. మొదటిది గర్భసంచి ఆపరేషన్. ఆమె వ్యవసాయ కూలీ. నలభై ఏళ్ళు కూడా ఉండవు. బల్ల మీద కూర్చోబెట్టి, వీపు వంచమని చెప్పి, నడుములో సూది వేయడానికి చేతులు కడుక్కుంటున్నాను. సిస్టర్ కేసు షీటు తిరగేసి, "మేడమ్, కాగితం మీద వేలిముద్ర లేదు" అంది. రాత్రి వార్డులో ఎవరో మరిచిపోయారు. సర్జన్ గారు అప్పటికే గౌను తొడుక్కుంటున్నారు. నేనే ఇంకు ప్యాడ్ తెచ్చి ఆమె బొటనవేలు పట్టుకున్నాను. ఆమె కాగితం వైపు చూసి అడిగింది: "డాక్టరమ్మా, ఇందులో ఏముంది?"

"ఏమీ లేదమ్మా, మామూలే."

ముద్ర పడింది. స్పిరిట్ దూదితో ఆమె వేలు తుడిచాను. సిరా పూర్తిగా పోలేదు. ఆమె మళ్ళీ ఏమీ అడగలేదు. ఆపరేషన్ బాగానే జరిగింది, వారానికి కుట్లు విప్పించుకుని ఇంటికి వెళ్ళిపోయింది. ఏదైనా నష్టం జరిగి ఉంటే విచారణ పెట్టేవారు, నేను నాలుగు మాటలు పడేదాన్ని, అంతటితో తీరిపోయేది. ఏమీ జరగలేదు కాబట్టే అది నాతోనే ఉండిపోయింది. ఆమె అడిగింది చాలా సూటి ప్రశ్న. నేను చెప్పింది అబద్ధం. ఆ కాగితంలో చావు గురించి రాసి ఉంది.

ఏమి రాసి ఉందో చెబుతాను. "నా ఇష్టపూర్వకంగా, ఎవరి బలవంతమూ లేకుండా ఈ ఆపరేషన్‌కు అంగీకరిస్తున్నాను. ఇందువలన ఎట్టి ప్రాణాపాయము సంభవించినను డాక్టర్లకు గాని, ఆసుపత్రి సిబ్బందికి గాని ఎట్టి బాధ్యత లేదు." ఇంచుమించు అన్నిచోట్లా ఇదే వరస. ఎక్కడో విన్నట్టుంది కదా? అప్పు తీసుకున్నప్పుడు రాసే ప్రామిసరీ నోటు భాష ఇది. మన పల్లెల్లో చదువు రానివారు జీవితంలో వేలిముద్ర వేసే సందర్భాలు కొన్నే ఉంటాయి. అప్పు పత్రం, పొలం అమ్మకం దస్తావేజు, ఆపరేషన్ కాగితం. మొదటి రెండింటిలో ఏదో ఒకటి పోగొట్టుకుంటున్నామని వాళ్ళకు తెలుసు. మూడోదాన్నీ అలాగే అనుకుంటే అందులో వాళ్ళ తప్పు లేదు.

న్యాయవాదులెవరైనా ఇక్కడ ఉంటే సరిదిద్దండి. డాక్టరు నిర్లక్ష్యం చేస్తే ఆ "ఎట్టి బాధ్యత లేదు" అనే వాక్యం కోర్టులో ఎవరినీ కాపాడదు. అది మా మనశ్శాంతి కోసం రాసుకున్న తాయెత్తు లాంటిది. 1995లో వి.పి. శాంత కేసులో సుప్రీంకోర్టు వైద్యసేవలను వినియోగదారుల చట్టం కిందికి తెచ్చిన తర్వాత ఈ తాయెత్తులు పొడుగయ్యాయి. ఒక పేజీ ఉన్నది నాలుగు పేజీలైంది, తర్వాత పుస్తకమైంది. నిజానికి ఆ తీర్పు పూర్తిగా ఉచితంగా వైద్యం చేసే ఆసుపత్రులకు వర్తించదు. అయినా మా దగ్గరా కాగితాలు పెరిగాయి. భయానికి డబ్బున్న ఆసుపత్రి, లేని ఆసుపత్రి అనే తేడా ఉండదు.

"హై రిస్క్ రాయించారా?" మా ఆపరేషన్ థియేటర్లలో రోజూ వినిపించే మాట ఇది. ముప్పు ఎక్కువని రాసి సంతకం తీసుకున్నారా అని. రోగి గుండె బలహీనంగా ఉందనుకోండి. ఆ సంగతి అతనికి వివరంగా చెప్పారా అని ఎవరూ అడగరు. రాయించారా అని అడుగుతారు. నేనూ అలాగే అడిగాను, ఏళ్ళ తరబడి.

ఈ అంగీకారం అనేది పాశ్చాత్యుల వ్యవహారమని, మనకు వైద్యుడు దేవుడితో సమానమని, దేవుడు సంతకం అడగడని కొందరు పెద్దలు అంటుంటారు. నేనూ నమ్మాను, చరక సంహిత తిరగేసేదాకా. చికిత్సా స్థానంలో ఉదర రోగాల అధ్యాయం ఉంది. రోగం ముదిరి మరే మందూ పనిచేయని స్థితిలో ప్రాణాంతకమైన చికిత్సకు దిగాల్సి వస్తే వైద్యుడు ఏమి చేయాలో అందులో చెప్పారు. రోగి బంధువులకు, స్నేహితులకు, భార్యకు, బ్రాహ్మణులకు, రాజుకు, గురువులకు చెప్పి అనుమతి తీసుకోవాలి. ఎలా చెప్పాలంటే "సంశయం బ్రువన్" అన్నారు. అంటే బతుకుతాడో లేదో నాకూ అనుమానమే అని నోరు విప్పి చెబుతూ. ఎంత చక్కటి మాట! మా నాలుగు పేజీల కాగితంలో ఎక్కడా డాక్టరు తన సంశయాన్ని తన మాటగా చెప్పడు.

అయితే ఆ జాబితాను ఇంకోసారి చూడండి. బంధువులున్నారు, భార్య ఉంది, రాజు ఉన్నాడు. రోగి పేరు మాత్రం లేదు.

ఈరోజు ఏ వార్డుకైనా వెళ్ళి చూడండి. రాజు బదులు ఆరోగ్య బీమా కంపెనీ ఉంటుంది, మిగతా జాబితా అలాగే ఉంటుంది.

రోగి పేరు ఆ జాబితాలోకి ఎక్కడానికి మనిషి జాతి చాలా ఘోరాలు చూడాల్సి వచ్చింది. నాజీ శిబిరాల్లో ఖైదీల మీద ప్రయోగాలు చేసినందుకు న్యూరెంబర్గ్‌లో 23 మంది మీద విచారణ జరిగింది, వారిలో ఎక్కువమంది డాక్టర్లే. 1947 ఆగస్టులో తీర్పు వచ్చింది, ఏడుగురిని ఉరితీశారు. ఆ తీర్పులోనే పది సూత్రాలున్నాయి. మొదటిది, ప్రయోగానికి గురయ్యే మనిషి స్వచ్ఛందమైన అంగీకారం తప్పనిసరి అని. ఇది చాలామంది చెబుతారు. ఇంకో విషయం అంతగా చెప్పరు. మనుషుల మీద ప్రయోగాలకు అంగీకారం తీసుకోవాలనే మార్గదర్శకాలు జర్మనీలో 1931లోనే ఉన్నాయి. కాగితం ముందే ఉంది. కాగితం ఎవరినీ ఆపలేదు.

అమెరికాలో ఆ కాలంలోనే ఇంకొకటి నడుస్తోంది. అలబామా రాష్ట్రం, టస్కీగీ ప్రాంతం. 1932 నుంచి 1972 దాకా, నలభై ఏళ్ళు. సవాయి రోగం, అంటే సిఫిలిస్, ఉన్న 399 మంది నల్లజాతి పురుషులను, ఆ రోగం లేని మరో 201 మందిని ప్రభుత్వ ఆరోగ్యశాఖ గమనిస్తూ వచ్చింది. గమనించడమే, చికిత్స లేదు. పెన్సిలిన్ అందుబాటులోకి వచ్చిన తర్వాత కూడా ఇవ్వలేదు. వదిలేస్తే ఆ జబ్బు శరీరాన్ని ఎలా తింటుందో చూడాలి కదా! వాళ్ళకు చెప్పింది మాత్రం "మీ రక్తం చెడింది" అని. నడుములో సూది గుచ్చి వెన్ను నీరు తీసేవారు. అది పరిశోధకులకు కావలసిన పరీక్ష. వాళ్ళకు పంపిన ఉత్తరంలో మాత్రం "ప్రత్యేక ఉచిత చికిత్సకు ఇదే చివరి అవకాశం" అని రాశారు. రోజూ నడుములో సూది వేసే ఉద్యోగం నాది కాబట్టి ఈ వివరం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. ఆ సూది పట్టుకున్న డాక్టరును కూడా ఎవరో ఒకరు "ఇదేమిటి బాబూ" అని అడిగే ఉంటారు. అతను ఏమని ఉంటాడో నేను ఊహించగలను.

అంత దూరం ఎందుకు, మన ఖమ్మం దాకా వద్దాం.

2009 జులైలో అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో, ఖమ్మం జిల్లా భద్రాచలం, కొత్తగూడెం, తిరుమలాయపాలెం మండలాల్లో పది నుంచి పద్నాలుగేళ్ళ ఆడపిల్లలకు ఒక టీకా వేయడం మొదలుపెట్టారు. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను నివారించే హెచ్‌పీవీ టీకా. పాత్ అనే అమెరికా సంస్థ, భారత వైద్య పరిశోధన మండలి, రాష్ట్ర ప్రభుత్వం కలిసి చేశాయి. గుజరాత్‌లో వడోదరలో ఇంకో కంపెనీ టీకాతో ఇలాంటిదే చేశారు. ఖమ్మంలో సుమారు 14,000 మంది పిల్లలు. వాళ్ళలో చాలామంది గిరిజనులు, ఆశ్రమ పాఠశాలల్లో, హాస్టళ్ళలో ఉండి చదువుకునేవాళ్ళు.

2010 మార్చిలో మహిళా ఆరోగ్య కార్యకర్తలు భద్రాచలం వెళ్ళి పిల్లలతో, తల్లిదండ్రులతో మాట్లాడారు. తమ పిల్లలకు ఏ సూది వేశారో చాలామంది తల్లిదండ్రులకు తెలియదు. రెండు రాష్ట్రాల్లో కలిపి ఏడుగురు పిల్లలు చనిపోయారన్న వార్తలు వచ్చాయి. ఏప్రిల్‌లో కార్యక్రమం నిలిపేశారు, విచారణ కమిటీ వేశారు. 2013 ఆగస్టులో పార్లమెంటు స్థాయీ సంఘం తన 72వ నివేదికలో దీన్ని తీవ్రంగా తప్పుపట్టింది.

ఇక్కడ నేను ఒక మాట స్పష్టంగా చెప్పాలి, ఎందుకంటే ఈ కథను సగం విని టీకాల మీదే పగబట్టినవాళ్ళు ఉన్నారు. ఆ ఏడు మరణాలకు టీకా కారణమని విచారణ కమిటీ తేల్చలేదు. పాముకాటు, నీళ్ళలో మునిగిపోవడం, పురుగుమందు, మలేరియా, ఇలాంటి కారణాలు కనిపించాయి. స్థాయీ సంఘం తప్పుపట్టింది మరణాలను సరిగా పర్యవేక్షించని, నమోదు చేయని ఏర్పాటును. టీకా మంచిదే. మన దేశంలో ఏటా లక్షమందికి పైగా స్త్రీలకు కొత్తగా ఈ క్యాన్సర్ వస్తోంది. నా మనవరాలికి నేనే దగ్గరుండి వేయించాను.

మరి తప్పు ఎక్కడ జరిగింది? కాగితంలోనే. ఆంధ్రప్రదేశ్‌కు సంబంధించి పరిశీలించిన 9,543 అంగీకార పత్రాల్లో 1,948 మీద వేలిముద్రలున్నాయి. 2,763 మీద హాస్టల్ వార్డెన్ల సంతకాలున్నాయి. తల్లి లేదు, తండ్రి లేడు, పిల్ల సరేసరి. వార్డెన్‌ను సంరక్షకుడిగా భావించి సంతకం చేయించుకోవచ్చునని పైనుంచి ఆదేశాలు వెళ్ళాయి. ఒక వార్డెన్ కూర్చుని, అన్నానికి కూరగాయల లెక్క రాసినట్టు, వరుసగా ఎన్ని పత్రాల మీద సంతకం పెట్టి ఉంటాడో ఊహించండి. నేను ఆ వార్డెన్‌ను తిట్టడం లేదు. పై అధికారి పంపిన కాగితం అది. "ఇందులో ఏముంది సార్" అని అడిగి ఉంటే అతనికి వచ్చే జవాబు మీకు తెలుసు.

ఇంకో కిటుకు చూడండి. ఈ కార్యక్రమానికి "ప్రదర్శన ప్రాజెక్టు" అని పేరు పెట్టారు. క్లినికల్ ట్రయల్ అని ఉంటే దానికి నిబంధనలు, ప్రతి దుష్ప్రభావాన్నీ నమోదు చేసే వ్యవస్థ, పరిహారం అన్నీ కావాలి. పేరు మార్చితే ఆ బరువు దిగిపోతుంది. స్థాయీ సంఘానికి కోపం వచ్చింది ప్రధానంగా ఇక్కడే.

దీని ఫలితం ఎవరు అనుభవించారు? అవే పల్లెలు. మంచి టీకాను చెడ్డగా వేస్తే జనం టీకానే అనుమానిస్తారు. ఆ తర్వాత ఏళ్ళపాటు మన దగ్గర ఎక్కడ హెచ్‌పీవీ పేరెత్తినా "ఖమ్మంలో పిల్లలు చచ్చిపోయారట కదా" అన్నమాటే ఎదురయ్యేది. ఆ తల్లులకు అరగంట కూర్చుని చెప్పి ఉంటే వాళ్ళలో ఎక్కువమంది ఒప్పుకునేవారని నా నమ్మకం. మన పల్లెల్లో తల్లులు సూదులకు భయపడే రకం కాదు. పోలియో చుక్కలకు పిల్లల్ని ఎత్తుకుని వరుసకట్టినవాళ్ళే వాళ్ళు.

2011లో పిడుగురాళ్ళ ప్రాంతం నుంచి చదువురాని పేద స్త్రీలను హైదరాబాదు తీసుకెళ్ళి, డబ్బిచ్చి, క్యాన్సర్ మందుల పరీక్షల్లో వాడారన్న సంగతి బయటపడింది. ఇలాంటివన్నీ చూసిన తర్వాత 2013లో సుప్రీంకోర్టు మందుల ప్రయోగాల్లో అంగీకారాన్ని వీడియో తీయాలని చెప్పింది, కేంద్రం నిబంధన తెచ్చింది. మంచిదే. అలాంటి వీడియోలు నేను రెండు మూడు చూశాను. ఒకాయన ఆగకుండా చదువుకుంటూ పోతాడు, ఎదుటి మనిషి ప్రతి వాక్యానికీ తల ఊపుతాడు. మా ఊరి పురోహితుడు మంత్రాలు చదువుతుంటే పెళ్ళికొడుకు ఊపినట్టు.

ఇంతవరకు చెప్పినవాటిలో తప్పు సులువుగా కనిపిస్తుంది. సంతకం వాళ్ళది కాదు, లేదా నిజం చెప్పలేదు. ఇప్పుడు సంతకం వాళ్ళదే, ఇష్టమూ వాళ్ళదే అయిన సంగతి ఒకటి ఉంది. నాకు ఎక్కువ ఇబ్బంది కలిగించేది అదే.

2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 15 నుంచి 49 ఏళ్ళ మధ్య స్త్రీలలో గర్భసంచి తీయించుకున్నవారు దేశం మొత్తం మీద 3.2 శాతం. తెలంగాణలో 7.7. ఆంధ్రప్రదేశ్‌లో 8.9. దేశంలో మనదే అగ్రస్థానం, ఎవరూ పండగ చేసుకోని అగ్రస్థానం. మన ఆడవాళ్ళ గర్భసంచులు మిగతా దేశం కన్నా రెండు మూడు రెట్లు ఎక్కువగా చెడిపోవు కదా.

ఈ స్త్రీలను ఎవరూ బలవంతంగా ఎత్తుకురాలేదు. నా బల్ల మీద కూర్చుని "తీసెయ్యండి డాక్టరమ్మా, పీడ పోతుంది" అన్నవాళ్ళు వందల్లో ఉంటారు. తెల్లబట్ట అవుతోంది, నడుం నొప్పి, నెల నెలా పనికి రెండు రోజులు నాగా, పిల్లలు పుట్టడం ఎలాగూ అయిపోయింది. "ఉంచుకుంటే క్యాన్సర్ అవుతుందన్నారు" అని ఎవరో ఒకరు చెప్పి ఉంటారు. ఆర్‌ఎంపీ చెప్పి ఉండవచ్చు, స్కానింగ్ చేసినవాళ్ళు చెప్పి ఉండవచ్చు. తోటికోడలికీ తీసేశారు, ఆమె బాగానే ఉంది. మందులతో తగ్గే జబ్బుకు ఆరు నెలలు తిరగడానికి కూలి పోతుంది. ఆపరేషన్ అయితే పథకం కింద ఉచితం, ఒక్కసారితో అయిపోతుంది. ఆమె లెక్క తప్పని నేను అనలేను. కానీ అండాశయాలు కూడా తీసేస్తే ముప్ఫై అయిదేళ్ళకే ముట్లుడిగిన శరీరం వస్తుందని, ఒంట్లో ఆవిర్లు, నిద్ర పట్టకపోవడం, ఎముకలు పలచబడటం, గుండెకు ముప్పు పెరగడం, ఇవన్నీ వెంట వస్తాయని ఆ లెక్కలో ఎవరూ వేయలేదు. నేనూ వేయలేదు. నా పని మత్తు ఇవ్వడం కదా.

నా మొదటి కథలోని మనిషిని గుర్తు చేసుకోండి. కాగితంలో ఏముందో ఆమెకు నేను చదివి వినిపించి ఉంటే సరిపోయేదా? ఆ ఆపరేషన్ ఆమెకు అవసరమా అన్న ప్రశ్న ఆ కాగితంలో ఎక్కడా లేదు. ఆమె అడగలేదు. నేనూ సర్జన్‌ను అడగలేదు. అడిగితే "మీ సూది మీరు వేయండి మేడమ్" అనేవారు, ఆ రోజుల్లో.

సమీరా కోహ్లీ కేసు వైద్య విద్యార్థులందరూ చదవాలి. 1995లో ఢిల్లీలో జరిగింది. నలభై నాలుగేళ్ళ అవివాహిత. పరీక్ష కోసం లాప్రోస్కోపీకి మాత్రమే ఒప్పుకుంది. మత్తులో ఉండగా లోపల చూసిన డాక్టరు గర్భసంచి, అండాశయాలు తీసేయడమే మంచిదనుకున్నారు. బయట కూర్చున్న తల్లి దగ్గరకు మనిషిని పంపి సంతకం తెప్పించారు, తీసేశారు. 2008 జనవరిలో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. పరీక్షకు ఇచ్చిన అంగీకారం చికిత్సకు చెల్లదు, ప్రాణాపాయం లేనప్పుడు ఆమె మేలుకునేదాకా ఆగాల్సింది, బుద్ధి వికసించిన పెద్ద మనిషి తరఫున తల్లి సంతకం పనికిరాదు అని. డాక్టరుకు చెడు ఉద్దేశం లేదని కూడా కోర్టు అంది. పరిహారం 25,000 రూపాయలు.

ఆ కేసు చదువుతున్నప్పుడు నా కళ్ళ ముందు ఆపరేషన్ డాక్టరు కనిపించలేదు. తల దగ్గర స్టూలు మీద కూర్చున్న మత్తు డాక్టరు కనిపించాడు. మనిషి బయటికి వెళ్ళి సంతకం తెచ్చేదాకా ఆమెను నిద్రలో ఉంచిన మనిషి. తీర్పులో అతని ఊసు నాకు గుర్తు లేదు. కానీ ఆ థియేటర్‌లో "ఆమెను లేపుతాను, ఆమెనే అడగండి" అనగలిగినవాడు అతనొక్కడే. లేపడం మా చేతిలో పని.

ఇక చావు దగ్గర ఈ సంతకం ఏమవుతుందో కొద్దిగా చెప్పి ముగిస్తాను. టీ కూడా వస్తున్నట్టుంది.

2004 డిసెంబరులో హైదరాబాదులో వెంకటేశ్ అనే యువకుడు, చదరంగం ఆటగాడు, కండరాలు క్షీణించే డ్యూషేన్ వ్యాధి చివరి దశలో వెంటిలేటర్ మీద ఉన్నాడు. ఇరవై అయిదేళ్ళు. తను పూర్తిగా పోకముందే, అవయవాలు పాడవకముందే, వాటిని అవసరమైనవారికి ఇచ్చేయమన్నాడు. తల్లి హైకోర్టుకు వెళ్ళింది. కోర్టు ఒప్పుకోలేదు. రోజులు గడవకముందే అతను పోయాడు. కళ్ళు దానం చేశారు. మిగతావి కుదరలేదు.

ఖమ్మంలో అంగీకారం లేకుండా పని జరిగింది. ఇక్కడ ఇంతకన్నా స్పష్టమైన అంగీకారం ఉండదు, పని జరగలేదు. ఇలా వెంటిలేటర్ మీద ఉన్న మనిషి అవయవాలు తీయాలంటే, 1994 అవయవ మార్పిడి చట్టం ప్రకారం నలుగురు డాక్టర్ల బృందం, కనీసం ఆరు గంటల తేడాతో రెండుసార్లు పరీక్షించి, ఊపిరిని నడిపే మెదడు కాండం పనిచేయడం లేదని ధ్రువీకరించాలి. వెంకటేశ్ మెదడు చివరిదాకా చక్కగా పనిచేసింది. అందుకే కదా అడగగలిగాడు! కోర్టు తప్పు చేసిందని నేను అనను. బతికి ఉన్న మనిషి ఇష్టపడ్డాడన్న కాగితం చూపించి గుండె తీయడానికి తలుపు తెరిస్తే, మన దేశంలో ఆ తలుపులోంచి మొదట ఎవరిని తోస్తారో నాకు తెలుసు. పేదవాళ్ళ కిడ్నీలకు ఏమి జరిగిందో చూశాం. అయినా ఆ తల్లి ముఖం పేపరులో చూసిన రోజున నా దగ్గర జవాబు లేదు, ఇప్పుడూ లేదు.

2018 మార్చి 9న సుప్రీంకోర్టు, కోలుకునే ఆశ లేనప్పుడు కృత్రిమంగా ప్రాణం నిలిపే చికిత్స వద్దని ముందుగానే రాసిపెట్టుకునే హక్కును గుర్తించింది. మొదట మేజిస్ట్రేటు సంతకం కావాలన్నారు. 2023 జనవరిలో సడలించి, నోటరీ లేదా గెజిటెడ్ అధికారి చాలన్నారు. ఇద్దరు సాక్షులు ఉండాలి. ఇంత పెద్ద హక్కు వచ్చిందన్న సంగతి మా ఆసుపత్రుల్లో సగంమందికి తెలియదు. ఐసీయూ బయట జరిగేది వేరు. మొదటి మూడు రోజులు "ఎంతైనా పెట్టుకుంటాం, అన్నీ చేయండి" అంటారు. ఆరో రోజున పెద్దకొడుకు పక్కకు పిలిచి "ఇంటికి తీసుకుపోతాం మేడమ్" అంటాడు. పొలం కాగితం అప్పటికే ఎక్కడో ఉంటుంది. సొంత పూచీ మీద తీసుకెళ్తున్నామని ఇంకో సంతకం. అంబులెన్స్‌లో గొంతులో గొట్టంతో, ఎవరో ఊపిరి అందించే బ్యాగు పిసుకుతూ ఉంటే, గుమ్మం దాటాక ఆపేస్తారు. చట్టం గురించి ఎన్ని చర్చలు జరిగినా మన దగ్గర ఎక్కువమంది విషయంలో నిర్ణయం చేసేది డబ్బే.

ఈ మొత్తం సమయంలో మంచం మీద ఉన్న మనిషిని ఎవరూ అడగరు. "ఆయనకు చెప్పకండి, తట్టుకోలేరు" అంటారు ఇంట్లోవాళ్ళు. అది ప్రేమేనని నేను ఒప్పుకుంటాను. మన దగ్గర మనిషి ఒంటరిగా జబ్బు పడడు, కుటుంబమంతా పడుతుంది. కాబట్టి కుటుంబాన్ని గది బయట నిలబెట్టి రోగితో మాత్రమే మాట్లాడమనే పుస్తక సూత్రం మన వార్డుల్లో నడవదు. నేను చేసి చూశాను, రెండు రోజులు నా ముఖం చూడలేదు వాళ్ళు. కానీ కుటుంబం అనే మాట వెనక ఎవరు మాట్లాడుతున్నారో కూడా చూడాలి. గర్భసంచి ఆపరేషన్ కాగితం మీద మొగుడి సంతకం అడిగే ఆసుపత్రి, మొగుడి హెర్నియా ఆపరేషన్‌కు పెళ్ళాం సంతకం లేదని ఎప్పుడైనా ఆపరేషన్ ఆపిందా?

రిటైరయ్యే ముందు చివరి ఎనిమిదేళ్ళు నేను ఒక చిన్న పని చేశాను. గొప్ప పని కాదు, కొత్తదీ కాదు. ముందు రోజు సాయంత్రం వార్డుకు వెళ్ళేదాన్ని. ఏమి చేయబోతున్నామో, ఏమి జరగవచ్చో, చేయకపోతే ఏమవుతుందో మామూలు మాటల్లో చెప్పి, "ఇప్పుడు మీ అక్క ఫోన్ చేసి రేపు ఏమి ఆపరేషన్ అని అడిగిందనుకోండి, ఏమని చెబుతారు?" అనేదాన్ని. అర్థమైందా అని అడిగితే అందరూ అర్థమైందనే అంటారు. అక్కకు చెప్పమంటే తెలిసిపోతుంది. ఒక మనిషికి ఏడెనిమిది నిమిషాలు పట్టేది. కొందరు అక్కకు చెబుతూ చెబుతూ మధ్యలో ఆగి, "అయితే డాక్టరమ్మా, ఇది ఇప్పుడే చేయించుకోవాలా?" అని అడిగేవారు. అలా ఆగిపోయిన ఆపరేషన్లు కొన్ని ఉన్నాయి. సర్జన్లకు నా మీద ఏర్పడిన అభిప్రాయాన్ని ఇక్కడ చెప్పడం బాగుండదు.

ఆ రోజుల్లోనే ఒక తెలుగు మాస్టారు వచ్చారు, పేగు క్యాన్సర్. "నాన్నగారికి చెప్పకండి" అని కొడుకులు ముందే చెప్పారు. నేను మంచం దగ్గర కూర్చోగానే ఆయన, "వాళ్ళు మీకు చెప్పొద్దని చెప్పి ఉంటారు. మీరు ఇబ్బంది పడకండి, ఆ కాగితం ఇటివ్వండి" అన్నారు. కళ్ళజోడు పెట్టుకుని నాలుగు పేజీలూ చదివారు. నా ముప్ఫై నాలుగేళ్ళలో ఆ కాగితాన్ని ఆసాంతం చదివిన మనిషిని ఆయన్నొక్కరినే చూశాను. తర్వాత జేబులోంచి ఎర్ర కలం తీసి ఒకచోట దిద్దారు, సంతకం పెట్టి నా చేతికిచ్చారు.

"డాక్టర్లకు ఎట్టి భాద్యత లేదు" అని అచ్చయి ఉంది అక్కడ. ఆయన భా కొట్టేసి బా రాసి, ద్య కింద ధ్య పెట్టారు.

"లేదంటే లేదనండమ్మా, నాకేమీ అభ్యంతరం లేదు. ఆ మాటైనా సరిగ్గా రాయించండి" అన్నారు.

సూపరింటెండెంట్ గారికి చెప్పాను, నవ్వారు, రాసుకున్నారు. నేను రిటైరయ్యే నెలలో కొత్త కాగితాలు అచ్చయి వచ్చాయి. కట్ట విప్పి మొదటి కాగితం చూశాను. ఆసుపత్రి గుర్తు రంగుల్లో వేశారు, కాగితం మందంగా ఉంది. భాద్యత అలాగే ఉంది.